తెర మీద తండ్రి పేరు

ఆంగ్ మో కియో, సింగపూరు
మార్చి 1999

బెర్లిన్‌లో ఉన్న నా మనవరాలు యోగేశ్వరికి, అమ్మమ్మ బంగారమ్మ చెప్పి రాయిస్తున్న సంగతులు.

ఇక్కడ అందరం తింటున్నాం, తిరుగుతున్నాం. నీ ఒళ్ళు కూడా బాగానే ఉందనుకుని అసలు సంగతికి వస్తున్నాను.

ఇన్నాళ్ళూ నా ఉత్తరాలు మీ దేవన్ మావయ్య రాసేవాడు. కన్నకొడుకే గాని రాతలో పిసినారి. నేను అరగంట చెబితే రెండు వరుసలు గీకి, "అంతా రాసీసేను లేమ్మా" అనేవాడు. ఇప్పుడు ఆ బాధ తీరింది. మా పై అంతస్తులోకి హైదరాబాదు నుంచి ఒక జంట వచ్చింది. పిల్ల పేరు కమరున్నీసా. మొగుడు జహీరుద్దీన్. రెండు వేల సంవత్సరం వచ్చేసరికి కంప్యూటర్లన్నీ చచ్చిపోతాయట, అవి చావకుండా చూసే ఉద్యోగం అతనిది. ఈ పిల్ల తెలుగు బడిలో చదువుకుంది. నేను ఎంత చెబితే అంతా రాస్తుంది, తిట్టు చెబితే తిట్టు కూడా రాస్తుంది. దేవుడు నాకు రాసే చెయ్యి ఇవ్వడం మరిచిపోయి, ఇన్నాళ్ళకి గుర్తొచ్చి పై ఇంట్లో పెట్టాడు. దండం పెట్టుకున్నాను.

పోయిన శనివారం నీ సినిమా చూశాను. జర్మన్ వాళ్ళ సంస్థ హాల్లో వేస్తున్నారని దేవన్‌కి ఎవరో చెప్పారు. "ఆర్ట్ ఫిలిం అమ్మా, నిద్రొచ్చేస్తాది" అన్నాడు. నిద్రపోయింది వాడే. నేను, కమరున్నీసా కళ్ళు ఆర్పకుండా చూశాం. అందులో ఒక ముసలామె వంటింట్లో కూర్చుని బంగాళాదుంపలు చెక్కు తీస్తుంది. తీస్తూనే ఉంటుంది. నేను అన్ని దుంపలు చెక్కు తీసుంటే ఈపాటికి కూర ఉడికి, తిని, గిన్నెలు కూడా కడిగేసేదాన్ని. నా మనవరాలి పని సినిమా కత్తిరించడం అని నేను అప్పాలు అమ్మే హాకర్ సెంటర్ అంతా చెప్పుకున్నాను కదా, మరి అది ఎందుకు కత్తిరించలేదు? ఆ రోజు కత్తెర కనబడలేదా?

అయినా హాలంతా గుడిలో కూర్చున్నట్టు కూర్చుంది. పక్కసీటు తెల్లామెకు ఇది నా మనవరాలు చేసిందని మలాయ్‌లో చెప్పాను. ఏం అర్థమైందో, నా చెయ్యి పట్టుకుని ఊపింది. అంతవరకు నా గుండె నిండుగానే ఉంది.

సినిమా అయ్యాక పేర్లు పడ్డాయి. నాకు అక్షరం రాదు కదా, ఒక్కొక్క పేరూ చదవమని కమరున్నీసాకి చెప్పాను. చదువుకుంటూ వచ్చి, "కూర్పు, వై. పరశురాముడు" అంది. మళ్ళీ చదువు అన్నాను గట్టిగా. "పేరు వెళ్ళిపోయింది ఆంటీ" అంది.

ఇప్పుడు నా వాదన విను. విని జవాబు చెప్పు.

పరశురాముడు ఎవడు? మీ అమ్మ సత్యవాణిని, చిన్నపిల్లవైన నిన్ను వదిలేసి మలేషియాలో ఈపో పోయి ఇంకో సంసారం పెట్టినవాడు. మీ అమ్మ ఏం చేసింది? జర్మన్ వాళ్ళ కెమెరా కంపెనీలో చేరి స్క్రూలు బిగించి బిగించి బొటనవేలు వంకర చేసుకుంది. నువ్వు ఎదిగాక అదే కంపెనీలో పెట్టించి, జర్మనీకి ట్రైనింగుకి పంపే పిల్లల్లో నిన్ను కలపమని మేనేజరు గది ముందు నిలబడింది. పొమ్మంటే పోలేదు. నేను ఏం చేశాను? అప్పాలు పోశాను. అమ్మినవి అమ్మి, మిగిలినవి నీకు పెట్టాను. ఇంతమందిలో తెర మీదకు ఎక్కవలసింది వాడి పేరా? ఎన్ని సినిమాల్లో ఎక్కింది? ఎవరిని అడిగి ఎక్కించావు?

కమరున్నీసా అలవాటుకొద్దీ వాడి పేరు పక్కన గారు అని రాసి, చదివి వినిపించింది. కొట్టేయించాను. ఆ గీత కనబడుతుంది, అదే.

జవాబు నువ్వే రాయి. తెలుగులోనే రాయి.

బంగారమ్మ


బెర్లిన్
ఏప్రిల్ 1999

అమ్మమ్మా,

నా తెలుగులో తప్పులుంటాయి. అమ్మ వంటింట్లో పలక మీద నేర్పినంతే నాకు వచ్చు. కమరున్నీసా గారు చదివేటప్పుడు సర్ది చదవమని చెప్పు. ఆమెకు నా దండాలు. నీ ఉత్తరం నీ గొంతుతో రావడం ఇదే మొదటిసారి. చదువుతుంటే నువ్వు ఎదురుగా నిలబడి చెయ్యి తిప్పుతున్నట్టే ఉంది.

ముందు దుంపల సంగతి. నేను కత్తిరించాను అమ్మమ్మా. మొదట చాలా పొట్టిగా కత్తిరించాను. డైరెక్టరు ఉర్సులా చూసి ఏమీ అనలేదు. ఆమె ఏమీ అనలేదంటే బాగులేదని. తీసిన ముక్కలన్నీ మళ్ళీ అతికించాను. ఆ ముసలామె ఎవరికోసమో ఎదురు చూస్తోంది కదా. చేతులకు పని చెప్పి చెవులు తలుపు దగ్గర పెట్టుకుంది. మనం కూడా ఆమెతో అంతసేపూ కూర్చుంటేనే, చివర తలుపు చప్పుడైనప్పుడు ఆమెతోపాటు ఉలిక్కిపడతాం. నువ్వు ఉలిక్కిపడ్డావా, లేదా? నిజం చెప్పు.

ఇక పేరు. అది నేను ఎక్కించింది కాదు. సింగపూరు పాస్‌పోర్టులో మనకు ఇంటిపేరు లేదు కదా. "యోగేశ్వరి, పరశురాముడు కూతురు" అని ఉంటుంది. ఇక్కడివాళ్ళకు చివర ఏది ఉంటే అదే ఇంటిపేరు. కెమెరా కంపెనీ మూతపడ్డాక నేను తిరిగి రాకుండా ఉర్సులా దగ్గర పనికి కుదిరాను కదా, ఆ మొదటి సినిమా ఆఫీసువాళ్ళు పాస్‌పోర్టు చూసి పరశురాముడు అని రాసేసుకున్నారు. నేను తెర మీదే చూశాను. అప్పటికి నాకు భాష సరిగా రాదు, ఎవరితో పోట్లాడను?

అది అమ్మ చనిపోయిన ఏడు. నీకు ఎప్పుడూ చెప్పలేదు. ఆ వార్త వచ్చిన రోజు ఉర్సులా ఎడిటింగ్ గది తాళం వేసేసింది. నన్ను వాళ్ళింటికి తీసుకెళ్ళి పాలలో అన్నం ఉడికించి పెట్టింది. అడుగంటిపోయింది. నేను తినేదాకా పక్కనే కూర్చుంది. ఈ ఊళ్ళో నేను మిగిలానంటే ఆ మాడిన అన్నం వల్లనే.

ఆ తర్వాత పేరు అలాగే నడిచిపోయింది. ఇక్కడ నేను ఫ్రావు పరశురాముడుని, ఫ్రావు అంటే అమ్మగారు. ఫోనుల్లోనూ ఆ పేరే. మా సినిమాలు ఇక్కడ కూడా కొద్దిమందే చూస్తారు గాని, తీసేవాళ్ళకు నేను తెలుసు. ఉర్సులా పెద్దదైపోయింది. ఇప్పుడు చేస్తున్నది ఆమె ఆఖరి సినిమా. ఫిలిం చేత్తో పట్టుకుని కోసే పని కూడా నాకు ఇదే ఆఖరేమో, అందరూ కంప్యూటరుకు మారిపోతున్నారు. ఇది అయ్యాక నేను కొత్తవాళ్ళ దగ్గర పని వెతుక్కోవాలి. వాళ్ళకు తెలిసింది పరశురాముడే. పేరు మారిస్తే మొదటినుంచి మొదలుపెట్టాలి.

అయినా నువ్వు అడిగావు. ఈ సినిమాకి ఏ పేరు వేయమంటావో చెప్పు, వేస్తాను.

నీ
యోగి


ఆంగ్ మో కియో, సింగపూరు
జూన్ 1999

యోగేశ్వరికి, అమ్మమ్మ చెప్పేది.

ఉలిక్కిపడ్డాను. నిజం. అయినా దుంపలు ఎక్కువే.

నీ ఉత్తరం కమరున్నీసా చదువుతుంటే అన్నం మాడిన దగ్గర ఆపమన్నాను. కాసేపు బాల్కనీలో నిలబడి వచ్చి మళ్ళీ చదివించుకున్నాను. నీ తల్లి పోయిన రోజు నీ పక్కన నేను లేను. ఏడవడానికి కూడా నీకు మన మనిషి లేదని ఇన్నాళ్ళూ నాలో ఒక పొయ్యి మండుతూనే ఉంది. ఒకామె ఉందని ఇప్పుడు తెలిసింది. ఆ ఉర్సులమ్మకు చెప్పు, సింగపూరులో ఒక ముసలిది రోజూ దీపం పెట్టేటప్పుడు ఆమె పేరు కూడా తలుచుకుంటోందని. ఆమె దేవుడు వేరైతే ఏమైంది, దీపం దీపమే.

పేరు సత్యవాణి అని వేయి. నా పేరు వేస్తానంటావేమో, నాకు వద్దు. నన్ను ఆంగ్ మో కియోలో అందరూ ఎరుగుదురు. నా కూతురినే ఎవరూ ఎరగరు.

ఇదే రాయించి ఊరుకుందును. కానీ పోయిన వారం ఆ మనిషి వచ్చాడు.

అవును, వాడే. ఈపో నుంచి బస్సులో వచ్చి, హాకర్ సెంటర్‌లో అప్పం బంగారమ్మ ఎక్కడుంటుందని అడిగి, మన గుమ్మం ముందు గొడుగు పట్టుకుని నిలబడ్డాడు. ముందు పళ్ళు లేవు, నడుం వంగిపోయింది. నేను గుర్తుపట్టలేదు. "అత్తా" అన్నాక గుర్తుపట్టాను. అప్పటికే కమరున్నీసా ఎవరో పెద్దాయన అనుకుని లోపలికి రమ్మని కుర్చీ వేసేసింది. వేసిన కుర్చీ లాగేస్తే బాగుండదని ఊరుకున్నాను.

మార్చిలో ఆ హాల్లో వాడు కూడా ఉన్నాడట. వెనక వరసలో. మళ్ళీ చదువు అని నేను గట్టిగా అన్నాను చూడు, ఆ గొంతు విని నేనని పోల్చుకున్నాడట. అప్పుడు దగ్గరికి రావడానికి ధైర్యం చాలక వెళ్ళిపోయి, ఇప్పుడు వచ్చాడు. ఎప్పుడో కౌలాలంపూరులో ఒక జర్మన్ సినిమా చూస్తుంటే తన పేరు కనబడిందట. అప్పటినుంచి నీ సినిమా ఎక్కడ వేసినా బస్సెక్కి వెళ్ళి చూస్తున్నాడట. అర్థమవుతాయా అని అడిగాను. పేరు అర్థమవుతుంది అన్నాడు.

రెండో ఆమె పోయిందట. నేను అడగలేదు, తనే చెప్పాడు. ఏమీ కావాలని అడగలేదు. టీ కప్పు చేతిలో పెట్టుకుని, తాగకుండా ఒక్క మాట అన్నాడు. ఉన్నదున్నట్టు రాయిస్తున్నాను.

"నాను సేసినదానికి మీరెవులూ నా మొకం సూడకూడదు అత్తా. అయినా పిల్ల నన్ను మన్నించీసింది. పెతీ సినిమాలోనూ నా పేరు ఏస్తంది."

నీ ఉత్తరం బల్ల మీదే ఉంది. ఆఫీసువాళ్ళ పొరపాటు అన్న మాట నా నాలిక చివర ఉంది. అంటే చాలు, ఆ ముఖం మీద వెలుగు ఊదేసినట్టు ఆరిపోయేది. ఇన్నేళ్ళకు నా చేతికి చిక్కాడు. అయినా అనలేదు. వాడి మీద జాలి అనుకోకు, నాకు లేదు. ఆ మాట నీది. నీ బదులు నేను మన్నించలేను, నీ బదులు కొట్టనూలేను.

మళ్ళీ వస్తానని చెప్పి వెళ్ళాడు. అందుకని నిన్ను అడుగుతున్నాను. వాడు అబద్ధం మింగి బతుకుతున్నాడు. నీ తల్లి బతికున్నన్నాళ్ళు ఒక్క ముద్ద సుఖంగా మింగలేదు. నాకు అనుమతి ఇవ్వు, చెప్పేస్తాను.

ఇక్కడ కమరున్నీసా కలం ఆపి, "అంత మాట రాయమంటారా ఆంటీ" అని అడిగింది. రాయమన్నాను.

బంగారమ్మ


బెర్లిన్
జూలై 1999

అమ్మమ్మా,

జవాబు ఆలస్యమైంది. రెండుసార్లు రాసి చింపేశాను. నాన్న వచ్చి మన ఇంట్లో కూర్చున్నాడంటే, ఆ కుర్చీ ఏదో కూడా నాకు కళ్ళకు కట్టింది.

నీకు నేను సగమే చెప్పాను. మొదటి సినిమాకి అది ఆఫీసు పొరపాటే. రెండో సినిమాకి పేర్లు సిద్ధం చేసేటప్పుడు ఆఫీసు అమ్మాయి కాగితం పట్టుకొచ్చి, మీ పేరు సరిగ్గా ఉందా చూడండి అంది. అప్పటికి నాకు భాష వచ్చేసింది. కొట్టేసి నాకు ఇష్టమైనది రాయొచ్చు. సరిగ్గానే ఉంది అన్నాను.

ఎందుకో చెప్తాను, కోప్పడకుండా విను. నాన్న ఓపెన్ ఎయిర్ సినిమాలో ఆపరేటరుగా ఉన్నప్పుడు నన్ను తీసుకెళ్ళి రీలు డబ్బాల మీద కూర్చోబెట్టేవాడు. రీలు తెగితే బయట జనం ఈలలు వేసి బెంచీలు బాదేవారు. నాన్న కంగారుపడేవాడు కాదు. తెగిన కొసలు బ్లేడుతో గీకి, మందు రాసి, ఒకదాని మీద ఒకటి పెట్టి, నా వేలు దాని మీద ఆనించేవాడు. "ఆళ్ళు అరుచుకోనీ. నువ్వు మాత్రం యేలు తియ్యకు" అనేవాడు. ఇక్కడ ఉర్సులా మొదటి రోజు నా చేతికి ఫిలిం ఇచ్చి పక్కన నిలబడింది. నేను అతికించడం చూసి, ఎవరు నేర్పారు అని అడిగింది. చెప్పాలని లేకపోయినా మా నాన్న అనే వచ్చింది నోటికి. ఆ రోజే పనిలోకి తీసుకుంది.

అతికించడం నాన్న నేర్పాడు. ఎక్కడ ఆపాలో నువ్వు నేర్పావు. అప్పం పెనం మీద మూత నువ్వు గడియారం చూసి తీసేదానివి కాదు, ఎలా తెలుస్తుందని అడిగితే, అది నిన్ను పిలుస్తుంది అనేదానివి. ఈ బల్ల ముందు కూర్చుని ఇన్నేళ్ళుగా ఆ పిలుపు కోసమే వింటున్నాను. అమ్మ నన్ను ఈ దేశానికి పంపింది. మీ ముగ్గురిలో ఏ ఒక్కరు లేకపోయినా ఈ పని నాకు లేదు. ఇది ఎప్పుడూ చెప్పలేదు నీకు. ఫోనులో చెప్పే మాట కాదు.

మన్నించలేదు అమ్మమ్మా. అమ్మ పోయినప్పుడైనా రాని మనిషిని ఎలా మన్నించను? కానీ పని నేర్పలేదని అబద్ధం ఆడలేను.

నువ్వు చెప్పు. చెబితే రెండూ చెప్పు. పొరపాటు ఒక్కటే చెప్పి పంపితే అది నీ మాటే అవుతుంది. రెండూ చెబితే నా మాట.

కొత్త సినిమాకి పేరు రాసి ఇచ్చేశాను. యోగేశ్వరి సత్యవాణి. పని సంగతి తర్వాత చూసుకుంటాను.

నీ
యోగి


ఆంగ్ మో కియో, సింగపూరు
సెప్టెంబరు 1999

యోగేశ్వరికి, అమ్మమ్మ చెప్పేది.

వచ్చాడు. రెండు పంపరపనసకాయలు తెచ్చాడు. ఈపోలో అవి ప్రసిద్ధి అని చెబుతుంటే, పక్కన పెట్టి కూర్చో అన్నాను.

నీ ఉత్తరం వచ్చిన దగ్గరనుంచి నాకు నీ మీద కోపం. రెండూ చెప్పమన్నావు. మొదటిదైతే కత్తిలాంటి మాట, సుఖంగా చెప్పేదాన్ని. రెండోది నా నోటితో చెప్పించడం న్యాయమేనా? కమరున్నీసాతో అన్నాను, మొదటిది నేను చెబుతాను, రెండోది నువ్వు చెప్పు అని. "ఉత్తరం మీకు వచ్చింది గాని నాకు రాలేదు కదా ఆంటీ" అంది. మెత్తగానే అంటుంది గాని ఆ పిల్ల తక్కువది కాదు.

చెప్పాను. అది పాస్‌పోర్టు చూసి ఆఫీసువాళ్ళు చేసిన పొరపాటు, నీ కూతురు పెట్టింది కాదు అన్నాను. కప్పు కింద పెట్టేశాడు. ఇన్నేళ్ళూనా అని అడిగాడు, చాలా చిన్న గొంతుతో. నేను కోరుకున్నది అదే కదా, ఆ ముఖం అలా ఆరిపోవడం. ఆరింది. చూశాను. నాకు అనుకున్నంత బాగా లేదు. ఎందుకు లేదో నాకు తెలీదు, నన్ను అడగకు.

అప్పుడు రెండోది కూడా చెప్పాను. రెండో సినిమాకి దిద్దుకోమని కాగితం ఇస్తే సరిగ్గానే ఉందందట, వేలు తియ్యకు అని నువ్వు నేర్పిన పని వల్లనే ఆ దొరసాని పనిలోకి తీసుకుందట అని చెప్పాను. ముఖం పైకెత్తాడు. మళ్ళీ ఎక్కడ ఎగిరిపోతాడో అని వెంటనే ముక్కుతాడు వేశాను.

"అది మన్నింపు కాదు. గురుదచ్చిన. రెండూ కలిపీసుకోకు" అన్నాను.

తన చేతులు చూసుకున్నాడు. "నానేదో ఒకటైనా ఇచ్చేనన్నమాట దానికి" అన్నాడు. పంపరపనస ఒకటి కోయించి పెట్టాను. తిన్నాడు. గింజలు తీసి చేతిలో పెట్టుకున్నాడు, ఎక్కడ వెయ్యాలో తెలియక.

లిఫ్టు దగ్గర ఆగి, కొత్త సినిమా వస్తే రావచ్చా అని అడిగాడు. టిక్కెట్టు కొనుక్కుంటే ఎవరైనా రావచ్చు అన్నాను. పేరు మారిన సంగతి చెప్పలేదు. నువ్వు రెండే చెప్పమన్నావు.

యోగీ, నువ్వు రాసిన అప్పం మూత మాట కమరున్నీసా చేత మళ్ళీ మళ్ళీ చదివించుకున్నాను. నేను ఏదో తిండి పెట్టాననుకున్నాను గాని పని కూడా నేర్పానని అనుకోలేదు. ఇంతకంటే చెప్పడం నాకు చేతకాదు.

బంగారమ్మ


బెర్లిన్
ఫిబ్రవరి 2000

అమ్మమ్మా,

సినిమా ఇక్కడ మొదటిసారి వేశారు. మంచు పడుతున్నా హాలు నిండింది.

పేర్లు వచ్చేటప్పుడు నేను చేతులు కట్టుకుని నిలబడ్డాను. అమ్మ పేరు తెర మీద నా భుజం అంత ఎత్తున కనబడింది. ఉర్సులాకి నేను ముందు చెప్పలేదు. అది ఎవరు అని చెవిలో అడిగింది. మా అమ్మ అన్నాను. చేతికర్ర పట్టుకుని లేచి, పేర్లన్నీ అయిపోయేదాకా నిలబడే ఉంది. నువ్వు దీపం దగ్గర తలుచుకుంటున్నావన్న మాట ఆ రాత్రే చెప్పాను. తనకు ఆ అవసరం చాలా ఉందని చెప్పమంది.

నవ్వుకోడానికి ఒకటి. ఒక పత్రికలో ఈ కొత్త ఎడిటరు ఎవరో గాని పని నేర్చినది అని రాశారు. ఈ వయసులో కొత్తదాన్నయ్యాను. నవ్వలేనిది ఇంకొకటి. మ్యూనిక్ నుంచి ఒకాయన పెద్ద సినిమాకి ఫ్రావు పరశురాముడు కోసం వెతికి, పని మానేసిందనుకుని వేరే ఆమెను పెట్టుకున్నాడు. రెండు రోజులు బాధపడ్డాను. తర్వాత ఆ పత్రిక చదివిన ఒక డైరెక్టరు అమ్మాయి ఫోను చేసి, సత్యవాణి గారున్నారా అని అడిగింది. ఉన్నాను అన్నాను. చిన్న సినిమా, కంప్యూటరు మీద కోయాలి. నేర్చుకుంటున్నాను.

నువ్వు అడక్కపోతే ఈ పేరు ఎప్పటికీ తెర మీదకు వచ్చేది కాదు. ఆగస్టులో అక్కడ వేస్తారట. వెళ్ళి చూడు.

నీ
యోగి


ఆంగ్ మో కియో, సింగపూరు
ఆగస్టు 2000

యోగేశ్వరికి, అమ్మమ్మ చెప్పేది.

చేతిరాత మారిందని చూసి ఉంటావు. కమరున్నీసా వాళ్ళు హైదరాబాదు వెళ్ళిపోయారు. రెండు వేలు వచ్చింది, కంప్యూటర్లు చావలేదు, జహీరుద్దీన్ పని చచ్చింది. అక్కడ ఇప్పుడు ఇంతకంటే పెద్ద ఉద్యోగాలున్నాయట. వెళ్ళేరోజు ఆ పిల్ల నన్ను వాటేసుకుని, మీ తిట్లు రాసి రాసి నా తెలుగు బాగుపడింది ఆంటీ అంది. దాని వల్ల నాకు ఒక నోరు దొరికింది. ఎక్కడున్నా అల్లా చల్లగా చూడాలి.

సినిమా రోజు దేవన్ నన్ను హాలు గుమ్మం దగ్గర దింపి, మీటింగు ఉందని తంజోంగ్ పగార్ ఆఫీసుకి పరుగెత్తాడు. వాడు ఇప్పుడు డాట్ కామ్ కంపెనీలో ఉన్నాడు, ఇంటికి నిద్రకు మాత్రం వస్తాడు. నేను ఒక్కదాన్నే కూర్చున్నాను. కాసేపటికి మీ నాన్న టిక్కెట్టు పట్టుకుని వచ్చాడు. నన్ను చూసి, మధ్యలో ఒక సీటు వదిలి కూర్చున్నాడు.

సినిమా అయింది. పేర్లు మొదలయ్యాయి. జనం లేచి సంచులు సర్దుకుంటున్నారు. తెర మీద తెల్లచీమలు బారులు కట్టి పైకి పోతున్నాయి. అప్పుడు తట్టింది నాకు. ఆ బారులో ఎక్కడో నా కూతురు ఉంది. నా కళ్ళ ముందునుంచే వెళ్ళిపోతుంది, నాకు తెలియను కూడా తెలియదు. ఇన్నేళ్ళ బతుకులో అక్షరం రాలేదని నేను ఎన్నడూ సిగ్గుపడలేదు. ఆ క్షణంలో భయపడ్డాను. పక్కన కమరున్నీసా లేదు. దేవన్ లేడు. ఉన్నది వాడొక్కడే.

"సదువు" అన్నాను.

మొదటి పేరు దగ్గరనుంచి చదువుకుంటూ వచ్చాడు. కూర్పు అన్నాడు. అని ఆగిపోయాడు. తన పేరు ఉండాల్సిన చోట అది లేదు. నేను ముందు చెప్పలేదు కదా. ఆగిపోయినవాడిని అలాగే వదిలేస్తే పేరు పోతుంది.

"పోతంది, సదువు" అన్నాను.

"యోగేశ్వరి సత్యవాణి" అన్నాడు.

గొణగలేదు. రోడ్డుకి అవతల ఉన్న మనిషిని పిలిచినట్టు పిలిచాడు. లేచి వెళ్తున్నవాళ్ళు ఇద్దరు మళ్ళీ కూర్చున్నారు. వాళ్ళకి ఇంగ్లీషులో ఏదో చెప్పాడు. నాకు ఇంగ్లీషు రాదు గాని వైఫ్ అన్న మాట తెలుసు.

నీ పెళ్ళాం కాదు, నా కూతురు అన్నాను. అవునత్తా అన్నాడు.

యోగీ, నేను వాడిని మన్నించలేదు. నువ్వూ మన్నించనక్కర్లేదు. కానీ నా కూతురి పేరు నా చెవిలో పడిందంటే చదివినవాడు వాడు. తన పేరు తీసేసిన చోట నిలబడి చదివాడు. దానికి నేను రుణపడ్డాను. ఇష్టం లేనివాడికి రుణపడడం కష్టంగానే ఉంది, అయినా పడ్డాను, అందుకే కోపిటియం కాఫీ కొట్టుకి తీసుకెళ్ళి కడుపునిండా మకాన్ పెట్టించాను.

ఈ ఉత్తరం రాస్తున్నది వాడే. నా వంటింటి బల్ల దగ్గర కూర్చుని, చిన్నప్పుడు ఎస్టేటు బడిలో నేర్చిన అక్షరాలతో రాస్తున్నాడు. పైన వాడు వాడు అని చెప్పినవన్నీ వాడి చేతే రాయించాను. ఒకచోట మీ నాన్న అని రాసుకున్నాడు, తిరిగి చదివి వినిపిస్తే తెలిసింది, అది నేను చెప్పిన మాట కాదు, అయినా కొట్టేయించలేదు. ఒక్క సత్యవాణి అన్న దగ్గర కలం ఆగింది. ఆగనిచ్చాను.

అయ్యాక, తన మాట ఒకటి కింద రాసుకోవచ్చా అని అడిగాడు. వద్దన్నాను. ఇది నా ఉత్తరం. తన మాట ఉంటే తను వేరే కాగితం కొనుక్కోవాలి, అది చదవాలో వద్దో నీ ఇష్టం.

రాసినవాడి పేరు మాత్రం వేయమన్నాను. నాకెందుకులే అత్తా అన్నాడు. చేసిన పనికి పేరుండాలి, వెయ్యి అన్నాను.

బంగారమ్మ వేలిముద్ర

దస్తూరి: పరశురాముడు